ఏ జెండా కింద? ఆంజెల్ వాగెన్‌ష్టైన్ జీవితం, ఆయన రాసిన సినిమాలు

1959 మే నెలలో కాన్ చలనచిత్రోత్సవం జ్యూరీ ప్రత్యేక బహుమతి ‘నక్షత్రాలు’ అనే సినిమాకు దక్కింది. ‘నల్ల ఓర్ఫియస్’ సినిమాకు అగ్ర బహుమతి, ఫ్రాన్స్వా త్రూఫోకు ఉత్తమ దర్శకుడి గౌరవం దక్కిన ఏడాది అది. సినిమా చరిత్రకారులు ఫ్రెంచి నవతరంగం గురించి చెప్పేటప్పుడు తప్పక తలుచుకునే ఆ ఏడాదిలో ఈ రెండో స్థాయి బహుమతి కొంత మరుగున పడిపోయింది. ‘నక్షత్రాలు’ దర్శకుడు కొన్రాడ్ వోల్ఫ్ తూర్పు జర్మనీవాడు. ప్రధాన పాత్రధారి జర్మన్ నటుడు. ఛాయాగ్రాహకుడు జర్మనే. నిర్మాణంలో సగభాగం తూర్పు జర్మనీ ప్రభుత్వ స్టూడియో డెఫాది. అయినా కాన్ జాబితాలో ఆ సినిమా పేరు ఎదురుగా ఉన్న దేశం బల్గేరియా.

ఇది గుమాస్తా పొరపాటు కాదు. ఆ రోజుల్లో కాన్‌కు సినిమాలను పంపేది ప్రభుత్వాలే; ఉత్సవ నిర్వాహకులు తామే స్వయంగా ఎంపిక చేసుకోవడం 1972 నుంచి గానీ మొదలు కాలేదు. పంపే ప్రభుత్వాన్ని ఫ్రాన్స్ గుర్తించి ఉండాలి. తూర్పు జర్మనీని ఎవరు గుర్తించినా ఆ చర్యను తమపట్ల స్నేహవిరుద్ధమైనదిగా పరిగణిస్తామని పశ్చిమ జర్మనీ 1955 నుంచి ప్రపంచానికంతటికీ చెబుతూ వచ్చింది. దాన్ని హాల్‌స్టైన్ సిద్ధాంతం అంటారు. ఫ్రాన్స్ తూర్పు జర్మనీని గుర్తించింది 1973లో. అంటే 1959లో ఫ్రాన్స్ దృష్టిలో ఆ దేశమే లేదు. లేని దేశానికి సినిమా ఎక్కడిది? నిర్మాణంలో బల్గేరియా భాగస్వామి కాబట్టి, ఆ దేశపు జెండా కింద సినిమా లోపలికి వెళ్ళింది.

ఆ సినిమా స్క్రీన్‌ప్లే రాసిన మనిషి పేరు ఆంజెల్ వాగెన్‌ష్టైన్. బల్గేరియా యూదుడు, మాజీ గెరిల్లా, ఒకసారి మరణశిక్ష పడి బతికినవాడు. దగ్గరివాళ్ళు జాకీ అని పిలిచేవారు. నిండు నూరేళ్ళు జీవించి 2023 జూన్ 29న సోఫియాలో కన్నుమూశాడు. కథా చిత్రాలు, డాక్యుమెంటరీలు, యానిమేషన్ చిత్రాలు కలుపుకుని సుమారు 50 స్క్రిప్టులు, ఆ మీదట డెబ్బై ఏళ్ళు దాటాక నవలలు రాశాడు. ఆయన గురించి వచ్చే రాతల్లో సాధారణంగా రెండు ముక్కలు కనిపిస్తాయి: ‘కమ్యూనిస్టు రచయిత’, ‘యూదుల విషాదాన్ని రాసినవాడు’. రెండూ నిజమే గానీ, ఆ రెండింటినీ పక్కపక్కన పెట్టినంత మాత్రాన ఆయన రాసినదేమిటో బోధపడదు. ఆయన కథల్లో పదేపదే తిరిగొచ్చే ప్రశ్న మరొకటి ఉందని నా అభిప్రాయం. ఒక మనిషి ఫలానా దేశానికి చెందినవాడని రాసిపెట్టే కాగితం ఎవరి చేతిలో ఉంది, ఆ కాగితం మీద ఒక్క గీత అటూ ఇటూ అయితే ఎవరు బతుకుతారు, ఎవరు చస్తారు అన్నదే ఆ ప్రశ్న. ‘నక్షత్రాలు’ కథ వెనక ఉన్న చరిత్ర విప్పి చూస్తే ఇది ఎంత అక్షరాలా నిజమో తెలుస్తుంది.

వాగెన్‌ష్టైన్ 1922 అక్టోబరు 17న ప్లొవ్దివ్ నగరంలో పుట్టాడు. బల్గేరియాలో సోఫియా తర్వాత పెద్ద పట్టణం అది. ఏడు కొండల మీద కట్టిన ఊరుగా పేరు పొందిన ఆ పట్టణంలో బల్గేరియన్లు, తురుష్కులు, ఆర్మేనియన్లు, గ్రీకులు, జిప్సీలు, యూదులు పక్కపక్క వీధుల్లోనే ఉండేవారు. అక్కడి యూదుల్లో ఎక్కువమంది 1492లో స్పెయిన్ రాజదంపతులు వెళ్ళగొట్టగా ఉస్మానియా సామ్రాజ్యంలోకి వచ్చి చేరినవారి సంతతి. ఇళ్ళలో నాలుగున్నర శతాబ్దాల తరువాత కూడా లాదినో అనే పాత స్పానిష్ మాట్లాడుకునేవారు. తండ్రి వామపక్షవాది కావడంతో కుటుంబం కొన్నాళ్ళు దేశం విడిచి పారిస్‌లో తలదాచుకుంది. క్షమాభిక్ష వచ్చాక తిరిగొచ్చారు. ఆ విధంగా పిల్లవాడికి రెండో భాషగా ఫ్రెంచి, మొదటి అనుభవంగా ప్రవాసం అబ్బాయి. హైస్కూలు రోజుల్లోనే ఫాసిస్టు వ్యతిరేక బృందంలో చేరాడు.

ఇక్కడ బల్గేరియా పరిస్థితి కాస్త వివరంగా చెప్పుకోవాలి, ఎందుకంటే ఈ కథలో చిక్కుముడి అంతా ఇక్కడే ఉంది.

రెండో ప్రపంచ యుద్ధంలో బల్గేరియా జర్మనీ పక్షం చేరింది. 1941 జనవరిలో ‘జాతి పరిరక్షణ చట్టం’ అమల్లోకి వచ్చింది. యూదుల వృత్తులు, ఆస్తులు, పెళ్ళిళ్ళు, నివాసం అన్నిటి మీదా ఆంక్షలు పడ్డాయి. యూదు మగవాళ్ళను రోడ్లు వేయడానికి, రాళ్ళు కొట్టడానికి వెట్టిచాకిరి శిబిరాలకు తోలారు. అదే ఏడాది వసంతంలో జర్మనీ సైన్యం యుగోస్లావియాను, గ్రీసును ఆక్రమించాక, ఏజియన్ సముద్రపు ఒడ్డునున్న థ్రేస్‌నూ వర్దార్ నది పొడవునా ఉన్న మాసిడోనియానూ పిరోత్ ప్రాంతాన్నీ పాలన నిమిత్తం బల్గేరియాకు అప్పగించింది. సోఫియా ప్రభుత్వం వాటిని ‘కొత్త భూములు’ అంది. 1942లో ఆ కొత్త భూముల్లోని జనానికి బల్గేరియా పౌరసత్వం ఇస్తూ ఉత్తర్వు వెలువడింది. అందులో ఒక మినహాయింపు ఉంది: యూదులకు వర్తించదు.

ఆ మినహాయింపు రాసినప్పుడు అది ఒక పాలనాపరమైన వాక్యం. ఏడాది తిరగకుండానే అదే మృత్యుపత్రమైంది. 1943 ఫిబ్రవరి 22న బల్గేరియా యూదు వ్యవహారాల కమిషనర్ అలెక్సాందర్ బెలెవ్, బెర్లిన్ నుంచి వచ్చిన ఎస్.ఎస్. (నాజీల ప్రత్యేక సాయుధ దళం) అధికారి టియోడోర్ డాన్నెకర్ ఒక ఒప్పందం మీద సంతకాలు చేశారు. 20,000 మంది యూదులను జర్మనీకి అప్పగించడం దాని సారాంశం. టైపు చేసిన ఆ కాగితంలో ‘కొత్త బల్గేరియా భూములైన థ్రేస్, మాసిడోనియాల నుంచి’ అనే మాటలున్నాయి. ఆ మాటల మీద గీత పడింది. కొట్టివేసింది బెలెవే. లెక్క తేలిక: కొత్త భూముల్లో మొత్తం యూదులే సుమారు 12,000 మంది, 20,000 పూర్తి కావాలంటే మిగతావాళ్ళను పాత బల్గేరియా నుంచి, అంటే పౌరసత్వం ఉన్నవాళ్ళ నుంచి తీసుకోవాలి. ఆ కాగితం నేటికీ మిగిలి ఉంది, ఆ గీతతో సహా.

మార్చి 4 తెల్లవారుజామున థ్రేస్‌లో యూదుల ఇళ్ళ తలుపులు తట్టింది బల్గేరియా పోలీసులు, సైనికులు. పట్టుకున్నవాళ్ళను రైళ్ళలో గోర్నా జుమయా, దుప్నిత్సా పట్టణాలకు తెచ్చి పొగాకు గోదాముల్లో ఉంచారు. అక్కడి నుంచి డాన్యూబ్ ఒడ్డునున్న లోమ్ రేవుకు, రేవు నుంచి పడవల్లో వియన్నాకు, మళ్ళీ రైల్లో పోలండ్‌లోని ట్రెబ్లింకా సంహార శిబిరానికి తరలించారు. మార్చి 11న మాసిడోనియా వంతు వచ్చింది. స్కోపియెలో పొగాకు గుత్త సంస్థ భవనంలో కుక్కి, తర్వాత రైలెక్కించారు. ‘కొత్త భూముల’ నుంచి వెళ్ళినవారు 11,343 మంది. దాదాపు ఎవరూ తిరిగి రాలేదు.

పాత బల్గేరియాలోని సుమారు 48,000 మంది మాత్రం బతికారు. క్యుస్తెందిల్ పట్టణం నుంచి కొందరు పౌరులు రాజధానికి వెళ్ళి తమ ఊరి పార్లమెంటు సభ్యుడు, ఉప సభాపతి అయిన దిమితర్ పెషెవ్‌ను కలుసుకుని విషయం చెప్పారు. పెషెవ్ హోం మంత్రి మీద ఒత్తిడి తెచ్చి అరెస్టులను ఆపించాడు. ఆపైన పాలక పక్షానికే చెందిన 40 మందికి పైగా సభ్యులతో సంతకాలు చేయించి మార్చి 17న నిరసన లేఖ ఇచ్చాడు. ఫలితంగా పదవి పోగొట్టుకున్నాడు. ప్లొవ్దివ్‌లో మార్చి 10న యూదు కుటుంబాలను బడి ఆవరణలోకి తోలినప్పుడు అక్కడి క్రైస్తవ పీఠాధిపతి కిరిల్ అడ్డుపడ్డాడు. సోఫియా పీఠాధిపతి స్తెఫాన్ గొంతెత్తాడు. మూడవ బోరిస్ రాజు తటపటాయించి, చివరికి వాయిదా వేస్తూ పోయాడు. మే నెలలో సోఫియా యూదులను పల్లెలకు, చిన్న పట్టణాలకు వెళ్ళగొట్టారు గానీ దేశం దాటించలేదు.

కాబట్టి ‘బల్గేరియా తన యూదులను కాపాడింది’ అన్న వాక్యంలో బరువంతా ‘తన’ అన్న మాట మీద ఉంది. తనవాళ్ళు ఎవరన్నది 1942 నాటి పౌరసత్వపు ఉత్తర్వు ముందే తేల్చేసింది. ఈ విషయాన్ని ఆ తర్వాతి ప్రభుత్వాలేవీ తిన్నగా చెప్పలేదు. రాచరికాన్ని అభిమానించేవారు ఘనతను రాజుకు కట్టబెట్టారు. కమ్యూనిస్టు ప్రభుత్వం పార్టీకి, మరీ ముఖ్యంగా తర్వాత దేశాన్ని ఏలిన పార్టీ నాయకుడు తోదోర్ జివ్‌కోవ్‌కు కట్టబెట్టింది. లేఖ రాసిన పెషెవ్‌ను మాత్రం 1945లో ప్రజాన్యాయస్థానం ముందు నిలబెట్టి 15 ఏళ్ళ శిక్ష వేసింది. ఏడాదికో అంతకు కాస్త ఎక్కువకో విడుదల చేశారన్నది వేరే సంగతి. పొగాకు గోదాముల గురించి మాట్లాడటానికి మాత్రం ఎవరికీ తీరిక లేకపోయింది.

వాగెన్‌ష్టైన్ ఈ రోజుల్లో ఎక్కడున్నాడు? వెట్టిచాకిరి శిబిరానికి పంపితే తప్పించుకుని గెరిల్లాల్లో చేరాడు. పట్టుబడ్డాడు, చిత్రహింసలు అనుభవించాడు, 1944లో మరణశిక్ష పడింది. అమలు కాకముందే సోవియట్ ఎర్రసేన బల్గేరియాలోకి వచ్చింది, సెప్టెంబరు 9న ప్రభుత్వం మారింది, జైలు తలుపులు తెరుచుకున్నాయి. ఆయనకు మరణశిక్ష పడింది యూదుడన్న కారణంతో కాదు, ఆయుధం పట్టిన కమ్యూనిస్టన్న కారణంతో. పౌరసత్వం ఉన్న యూదుడు కాబట్టి ట్రెబ్లింకా తప్పింది. గెరిల్లా కాబట్టి ఉరికంబం ఎదురైంది. ఈ రెండు తేదీల మధ్య, ఈ రెండు జాబితాల మధ్య నిలబడిన ఇరవై ఒక్కేళ్ళ కుర్రవాడికి సోవియట్ సైన్యం మీద ఉండే కృతజ్ఞత మాటల్లో చెప్పేది కాదు. ఆయన కమ్యూనిజాన్ని ఇవాళ్టి వాదోపవాదాల కొలతతో కొలిచేవారు ఈ సంగతి మరిచిపోతారు.

యుద్ధం ముగిశాక మాస్కోలోని ప్రభుత్వ చలనచిత్ర సంస్థ వ్గిక్‌లో స్క్రీన్‌ప్లే రచన చదివి 1950లో పట్టా పుచ్చుకున్నాడు. అక్కడే కొన్రాడ్ వోల్ఫ్ పరిచయం. వోల్ఫ్ కథ కూడా కాగితాల కథే: జర్మన్ యూదు నాటక రచయిత ఫ్రీడ్రిష్ వోల్ఫ్ కొడుకు, హిట్లర్ రాగానే కుటుంబంతో మాస్కో చేరి అక్కడే పెరిగి, పదిహేడేళ్ళకే ఎర్రసేన యూనిఫారం తొడిగి, సొంత దేశం మీదికే సోవియట్ అధికారిగా నడిచి వచ్చినవాడు. ఇద్దరి మధ్య మాటలు సాగింది రష్యన్‌లో. ఒక బల్గేరియా యూదుడు, ఒక సోవియట్ జర్మన్ కలిసి తీసిన సినిమాకు కాన్‌లో ఏ జెండా కట్టాలో తెలియక ఉత్సవ నిర్వాహకులు తలపట్టుకోవడంలో ఆశ్చర్యమేముంది!

బల్గేరియాలో 1948లో సినిమా పరిశ్రమ జాతీయమైంది. ఆ పద్ధతిలో స్క్రీన్‌ప్లే రచయిత స్థానం విచిత్రమైనది. కెమెరా కదలకముందే స్క్రిప్టును కళామండలి చదువుతుంది, సంస్థ చదువుతుంది, అవసరమైతే పార్టీ చదువుతుంది. వాణిజ్య సినిమాలో స్క్రిప్టు తరచూ సెట్టు మీద నలిగిపోయే కాగితం. ఇక్కడ అదే ఆమోదముద్ర పడాల్సిన దస్తావేజు. అందువల్ల రచయితకు గౌరవమూ ఎక్కువే, ప్రమాదమూ ఎక్కువే. వాగెన్‌ష్టైన్ తొలి స్క్రిప్టులు ఆ వ్యవస్థ కోరినవే: 1951లో జహారీ జాందోవ్ దర్శకత్వంలో ‘అలజడి’, 1954లో ఆయనతోనే 1923 నాటి తిరుగుబాటు మీద ‘సెప్టెంబరు వీరులు’. వీటిని ఇప్పుడు చూస్తే చేతిపని నేర్చుకుంటున్న రచయిత కనిపిస్తాడే తప్ప తర్వాతి మనిషి అంతగా కనిపించడు.

‘నక్షత్రాలు’తో ఆ మనిషి బయటపడ్డాడు. కాలం 1943. బల్గేరియాలో ఒక చిన్న పట్టణం. వాల్టర్ అనే జర్మన్ సైనికుడు, మన సైన్యంలో చెప్పాలంటే హవల్దారు స్థాయివాడు, స్థానిక కార్మికులతో నడిచే మరమ్మతుల షెడ్డుకు కాపలా. యుద్ధానికి ముందు చిత్రకారుడు. మంచివాడూ కాదు, చెడ్డవాడూ కాదు. ఇంకా ఏ నిర్ణయమూ తీసుకోని మనిషి. గ్రీసు వైపు నుంచి తెచ్చిన యూదులను ఊరి చివర ముళ్ళకంచె వెనక ఉంచుతారు. కంచె దగ్గరకు ఒక యువతి వస్తుంది, పేరు రూత్, ఉపాధ్యాయిని. లోపల ఒక స్త్రీ పురిటి నొప్పులు పడుతోంది, వైద్యుడిని పంపమని అడుగుతుంది. వాల్టర్ తన వల్ల కాదంటాడు. ఆమె మొహం మీదే తిట్టి వెళ్ళిపోతుంది. కొంతసేపటికి శిబిరానికి వైద్యుడు వస్తాడు.

ఈ ఘట్టంలో రచయిత నైపుణ్యం గమనించాలి. వాల్టర్ మనసు మారిందని చెప్పే సంభాషణ లేదు. ఆమె అడిగింది ఉపకారమైనా, బిడ్డకు జన్మనివ్వబోయే మరో స్త్రీ కోసం, తనకోసం కాదు. అతను చేసింది సాహసమేమీ కాదు, ఒక వైద్యుడిని పంపడం మాత్రమే. మొత్తం సినిమా ఈ చిన్న కొలత మీదే నడుస్తుంది. వాళ్ళు రాత్రిపూట ఊరి వీధుల్లో నడుస్తూ మాట్లాడుకునే దృశ్యాల్లో ప్రేమకథ ఉంది గానీ, ఆ నడక ఎంతసేపటికో ముగిసి ఆమె మళ్ళీ కంచె లోపలికి పోవాల్సిందే. ఛాతీ మీద యూదులు తప్పక ధరించాల్సిన పసుపు నక్షత్రం, నెత్తిన ఆకాశపు నక్షత్రాలు. శీర్షిక రెండిటినీ మోస్తుంది. వాల్టర్ ఆమెను తప్పించేందుకు పెత్కో అనే బల్గేరియా కార్మికుడి సాయంతో ఏర్పాటు చేస్తాడు. రైలు ఎప్పుడు కదులుతుందో జర్మన్ అధికారి, స్నేహితుడు అయిన కుర్ట్ చెప్పిన మాట నమ్ముతాడు. అది అబద్ధం. వాల్టర్ చేరేసరికి శిబిరం ఖాళీగా ఉంది. ఆ తర్వాత అతను గెరిల్లాలకు ఆయుధాలు అందించడానికి సిద్ధపడతాడు. యూదు కవి మొర్దెహాయ్ గెబిర్తిగ్ రాసిన, ఊరు తగలబడుతోందంటూ సాగే యిద్దిష్ (తూర్పు ఐరోపా యూదుల భాష) పాట ఆ విషాదానికి తోడుగా వినిపిస్తుంది.

సినిమాలో జర్మన్, బల్గేరియన్, లాదినో, ఎవరి భాష వాళ్ళదే. అనువదించి ఒకే భాషలోకి సర్దలేదు. థ్రేస్ యూదులు పాడుకున్న లాదినో ఆ రోజుల్లో వెండితెర మీద వినబడటమే అరుదు. జర్మన్ సినిమాలో యూదుల సంహారాన్ని నేరుగా కథా కేంద్రంలో పెట్టిన తొలి ప్రయత్నాల్లో దీన్ని ఒకటిగా లెక్కిస్తారు.

ఇప్పుడు చిక్కుముడి దగ్గరకు వద్దాం. సినిమాలో రైలు వెళ్ళేది ఆష్విట్జ్‌కు. చరిత్రలో థ్రేస్ యూదులు చేరింది ట్రెబ్లింకా. ఆష్విట్జ్ అప్పటికే సంహారానికంతటికీ ఒక పేరుగా స్థిరపడింది, ప్రేక్షకుడికి ఆ ఒక్క మాట చాలు. ట్రెబ్లింకా అంటే వివరించాలి. ఇది రచయిత తెలిసి చేసుకున్న సర్దుబాటుగానే నాకు తోస్తుంది. అంతకంటే పెద్ద సర్దుబాటు మరొకటి ఉంది. కథలో నేరం చేసే ముఖాలు ప్రధానంగా జర్మన్ అధికారులవి. సాయం చేసే చెయ్యి బల్గేరియా కార్మికుడిది. తలుపులు తట్టినవాళ్ళు, గోదాములకు తాళాలు వేసినవాళ్ళు ఎవరి యూనిఫారంలో ఉన్నారో చరిత్ర స్పష్టంగా చెబుతున్నా సినిమా దాని మీద ఆగదు. దీన్ని రచయిత పిరికితనంగా చూడటం సులువు. కానీ 1959లో సోఫియాలో ఎవరి ఆమోదముద్రతో ఆ స్క్రిప్టు బయటికి వచ్చిందో గుర్తుంచుకుంటే, థ్రేస్ యూదుల తరలింపు జరిగిందని, అదీ బల్గేరియా గడ్డ మీదుగా జరిగిందని తెర మీద చూపించడమే ఎంత దూరం వెళ్ళడమో అర్థమవుతుంది. దేశం మొత్తం కాపాడిన 48,000 గురించి మాట్లాడుకుంటున్న కాలంలో ఆయన కాపాడని 11,343 మంది కథ రాశాడు.

ఆ మాత్రానికే నింద తప్పలేదు. స్వదేశంలో ఈ సినిమాను ‘అమూర్త మానవతావాదం’ అన్నారు. ఈ మాట వినడానికి పొగడ్తలా ఉంటుంది గానీ ఆ వ్యవస్థలో ఇది నేరారోపణే. మానవత్వానికి వర్గం ఉండాలన్నది సిద్ధాంతం; పీడితుడు కార్మికుడా, సంపన్నుడా అన్నది చూడకుండా అందరి పట్లా ఒకే దయ చూపితే అది బూర్జువా భావుకత కిందికి వస్తుంది. ముళ్ళకంచె వెనకున్న గుంపులో వ్యాపారి ఎవరు, కూలి ఎవరు అని విడదీయని కథ ఆ చూపుకు ఆనలేదు. విడదీయకపోవడంలోనే కథ ఉందని, రైలెక్కించినవాళ్ళు కూడా విడదీయలేదని వాళ్ళకు తట్టలేదు కాబోలు. కాన్ బహుమతి వచ్చాక ఆ గొంతులు కాస్త తగ్గాయి.

సరిహద్దుకు అవతల ఇంకో రకం కత్తెర పడింది. 1960లో పశ్చిమ జర్మనీలో విడుదల చేసినప్పుడు చివరి ఘట్టాన్ని, అంటే వాల్టర్ గెరిల్లాలకు సాయం చేయడానికి ఒప్పుకోవడాన్ని తీసేశారు. యూదు యువతి కోసం కన్నీరు పెట్టే జర్మన్ సైనికుడు వాళ్ళకు సమ్మతమే. సొంత సైన్యానికి ఎదురు తిరిగే సైనికుడు కాదు. తూర్పున దయ ఎక్కువైందన్నారు, పడమట తిరుగుబాటు ఎక్కువైందన్నారు. రెండు వైపులా ఒకే స్క్రిప్టు మీద పడిన ఈ రెండు అభ్యంతరాలను పక్కపక్కన పెట్టి చూస్తే ఆ స్క్రిప్టు సరైన చోటే తగిలిందనిపిస్తుంది.

ఆ తరం బల్గేరియా సినిమాలో ఇంతకంటే కష్టపడ్డవాళ్ళున్నారు. దర్శకురాలు బింకా జెల్యాజ్‌కోవా, ఆమె భర్త, స్క్రీన్‌ప్లే రచయిత హ్రిస్తో గానెవ్ కలిసి 1957లో తీసిన సినిమా మాజీ గెరిల్లాలు అధికారంలోకి వచ్చాక ఎలా మారిపోయారో చూపించింది. 1988 వరకు దాన్ని జనం చూడలేదు. ముప్ఫై ఏళ్ళు డబ్బాల్లో ఉండిపోయింది. గానెవ్ కూడా గెరిల్లాగా పోరాడి మాస్కోలో చదివినవాడే. వాగెన్‌ష్టైన్ తన ప్రశ్నలను వర్తమానం నుంచి కొంచెం పక్కకు జరిపి, మరో దేశంలోనో మరో శతాబ్దంలోనో మరో గ్రహం మీదో పెట్టడం నేర్చుకున్నాడు. ఇది రాజీయా, ఉపాయమా అని అడిగితే, ఒక్కో సినిమాకు ఒక్కో జవాబు చెప్పాల్సి వస్తుంది.

1970లో రంగెల్ వల్చనోవ్ దర్శకత్వంలో వచ్చిన ‘ఈసోపు’ ఆ పద్ధతికి ప్రకటనలాంటిది: నీతికథల ముసుగులో నిజం చెప్పిన బానిస. మరుసటి ఏడాది కొన్రాడ్ వోల్ఫ్‌తో ‘గోయా’. లయన్ ఫాయిష్ట్‌వాంగర్ నవల ఆధారంగా డెఫా, సోవియట్ లెన్‌ఫిల్మ్ కలిసి 70 మిల్లీమీటర్ల ఫిల్ము మీద తీసిన ఈ భారీ చిత్రంలో లిథువేనియా నటుడు దొనాతస్ బానియోనిస్ చిత్రకారుడిగా నటించాడు. రాజు కొలువులో జీతం తీసుకునే కళాకారుడు మతవిచారణ న్యాయస్థానం ముందు ఎలా నిలబడాలన్నది అందులోని సమస్య. స్పెయిన్ యూదులను వెళ్ళగొట్టిన కాలపు మతవిచారణ సంస్థే అది. లాదినో వింటూ పెరిగినవాడు దాని మీద స్క్రిప్టు రాయడం ఒట్టి వృత్తిపని కాదనుకుంటాను. మాస్కో ఉత్సవంలో దానికి ప్రత్యేక బహుమతి వచ్చింది. 1972లో హెర్మన్ జోషే తూర్పు జర్మనీలో డెఫాకు తీసిన ‘ఎయోలోమెయా’ అంతరిక్షపు కథ: ఎనిమిది వ్యోమనౌకలు మాయమవుతాయి, వెతగ్గా వెతగ్గా తెలిసేది ఏమిటంటే, పైవాళ్ళు అనుమతించని దూరప్రయాణానికి, తిరిగిరాని ప్రయాణానికి, కొందరు తామే సిద్ధపడ్డారని. చుట్టూ సరిహద్దు గోడ ఉన్న దేశంలో ఈ కథను స్టూడియో ఆమోదించడం నాకు ఇప్పటికీ వింతగానే ఉంటుంది.

1976 నాటి ‘రాజ్యరక్షణ చట్టానికి అనుబంధం’ మాత్రం నేరుగా స్వదేశపు గాయం మీద చెయ్యి వేసింది. 1925 ఏప్రిల్ 16న సోఫియాలోని స్వెతా నెదెల్యా చర్చి పైకప్పులో కమ్యూనిస్టు సాయుధ విభాగం బాంబు పేల్చింది. 150 మందికి పైగా చనిపోయారు. ప్రభుత్వం దాన్ని సాకుగా తీసుకుని విచారణ లేకుండా వందలాదిమందిని మాయం చేసింది; కవి గెయో మిలెవ్ వాళ్ళలో ఒకడు. ల్యుద్మిల్ స్తాయ్‌కోవ్ దర్శకత్వంలోని ఈ సినిమాలో ప్రభుత్వ హింసతో పాటు, ఆ బాంబును పెట్టిన సొంత పార్టీవాళ్ళ తప్పూ తెర మీదికి వచ్చింది. శీర్షికలోనే చట్టం, దాని అనుబంధం ఉండటం చూడండి: మళ్ళీ కాగితమే. 1985లో బోరిస్లావ్ షారలియెవ్ తీసిన రెండు భాగాల ‘మొదటి బోరిస్’ తొమ్మిదో శతాబ్దంలో దేశాన్ని క్రైస్తవంలోకి మార్చిన రాజు కథ. పాత దేవతల వైపు మళ్ళిన కన్న కొడుకు కళ్ళు తీయించిన రాజు అతను. దేశభక్తి చిత్రంగా ప్రభుత్వం దాన్ని ఊరేగించింది; ఒక రాజ్యానికి ఒకే గుర్తింపు తొడగడానికి ఎంత నెత్తురు పోయాలో కూడా అందులోనే ఉంది. ఇవాన్ నిచెవ్‌తో 1977లో చేసిన ‘జుట్టులో నక్షత్రాలు, కళ్ళలో కన్నీళ్ళు’ ఊరూరా తిరిగే నాటక సమాజం గురించిన సినిమా. వీటన్నిటిలోకీ తేలికైన చేతితో రాసినది అదే.

కొన్రాడ్ వోల్ఫ్ 1982లో చనిపోయాడు. 1989లో గోడలు కూలాయి. 1990లో కొత్త రాజ్యాంగం రాయడానికి ఏర్పడిన మహాజాతీయ సభకు వాగెన్‌ష్టైన్ ఎన్నికయ్యాడు. ప్రభుత్వ స్టూడియోలు ఆగిపోయాయి; స్క్రిప్టు రాస్తే తీసేవాడు లేడు. అప్పుడు నవలలు మొదలయ్యాయి. ఇది నా లెక్కలో ఆయన జీవితంలోని గొప్ప మలుపు: నలభై ఏళ్ళు కళామండళ్ళ కోసం రాసిన చెయ్యి, ఎవరి ఆమోదమూ అక్కర్లేని కాగితం మీద ఒక్కసారిగా నవ్వడం మొదలుపెట్టింది.

‘ఇసాక్ పంచకాండం’ కథానాయకుడు ఇసాక్ యాకోబ్ బ్లూమెన్‌ఫెల్డ్ తూర్పు ఐరోపాలోని గలీసియా ప్రాంతంలో ఒక చిన్న ఊరి దర్జీ. రెండు ప్రపంచ యుద్ధాలు, మూడు నిర్బంధ శిబిరాలు, ఐదు మాతృదేశాలు అన్నది పుస్తకం ఉపశీర్షిక చెప్పే లెక్క. ఆ ఊరు ఉన్నచోటే ఉంది. ఆస్ట్రియా-హంగేరీ, పోలండ్, సోవియట్ యూనియన్, హిట్లర్ జర్మనీ, మళ్ళీ సోవియట్ యూనియన్ ఒకదాని తర్వాత ఒకటి వచ్చి దాని మీద కూర్చున్నాయి. అతని చేతిలోని గుర్తింపు కాగితం మారుతూ ఉంటుంది, కుట్టే కోటు అదే. థ్రేస్ యూదులకు విషాదంగా ఎదురైనది ఇక్కడ యూదు హాస్యంగా మారింది. షాంఘై నవలలో జర్మనీ నుంచి పారిపోయిన యూదు సంగీతకారులు వీసా అడగని ఒకే ఒక్క రేవును వెతుక్కుంటూ చైనా చేరతారు. అక్కడ జపాను సైన్యం వాళ్ళను హొంగ్‌క్యూ పేటలో నిర్బంధిస్తుంది. చరిత్రలో నిజంగా జరిగిందే. 1930ల చివర ప్రపంచంలో యూదుల ముందు కాగితాలు అడగకుండా తెరుచుకున్న తలుపు దాదాపు అదొక్కటే.

మరో నవల సొంత ఊరి కథ. ప్లొవ్దివ్‌లో ఓర్తా మెజార్ అనే పేట, తాగుబోతు అబ్రహాం అని పేరుపడ్డ రేకుల పనివాడైన తాత, ఆయనతో కలిసి కూర్చునే తురుష్క ముల్లా, క్రైస్తవ పూజారి, యూదు పురోహితుడు. నవలగా పేరు ‘తొలేదోకు దూరంగా’; తొలేదో స్పెయిన్‌లోని పాత నగరం. అంతకు ముందే, 1998లో, ఇవాన్ నిచెవ్ దర్శకత్వంలో ‘లోకాంతం తర్వాత’ అనే సినిమాగా వచ్చింది. తురుష్కులు, ఆర్మేనియన్లు, యూదులు ఒక్కొక్కరే ఊరు విడిచి వెళ్ళిపోయారు. యూదుల్లో అత్యధికులు 1948, 1949లలో ఇజ్రాయెల్‌కు ఓడలెక్కారు. వాళ్ళను ఎవరూ తోలలేదు, ఇష్టపడే వెళ్ళారు. కానీ వీధి మాత్రం ఖాళీ అయింది. కాపాడిన 48,000 మందిలో బల్గేరియాలో మిగిలినవారు కొద్దిమందే. వాగెన్‌ష్టైన్ ఆ కొద్దిమందిలో ఒకడు.

సినిమా మొదట్లో ఆల్బర్ట్ కోహెన్ అనే ఆచార్యుడు, బైజాంతియం చరిత్ర పండితుడు, ఒక సదస్సు కోసం ఇజ్రాయెల్ నుంచి ప్లొవ్దివ్‌కు వస్తాడు. చిన్నప్పుడు ప్రేమించిన ఆర్మేనియన్ అమ్మాయి అరాక్సీ ఆ ఊళ్ళోనే ఎదురవుతుంది. తాత రేకులు కొట్టిన వీధిలో కొత్త కట్టడాల కోసం పాత ఇళ్ళ మీద కన్నేసినవాళ్ళు తిరుగుతుంటారు. తాను పుట్టిన ఊరికి అతను వచ్చింది ఆహ్వానం మీద, పరాయి దేశపు పాస్‌పోర్టుతో, హోటల్ గదిలో దిగి.